వేరుశనగ నూనె: ధర పలికిన చోటు – పొన్నూరు ప్రాంతం ఆధారంగా ఒక చారిత్రక పరిశీలన

ఉపోద్ఘాతం

పొన్నూరు వరి పండే ఊరు. కృష్ణా పశ్చిమ డెల్టా కాలువల నీరు పారే నల్లరేగడి నేలలలో సార్వా వరి, దాని వెంట మినుము ఇక్కడి ప్రధాన సేద్యం. అయితే ఈ ఊరు డెల్టా అంచున ఉంది. దక్షిణంగా బాపట్ల వైపు సాగితే తీరపు ఇసుక నేలలు మొదలవుతాయి. వాయవ్యంగా గుంటూరు దాటి నరసరావుపేట, వినుకొండల వైపు సాగితే మెట్ట ఎర్రనేలలు కనిపిస్తాయి. ఈ రెండు రకాల నేలలూ వేరుశనగకు అనువైనవి. ఊడ దిగి, నేలలో కాయగా మారే ఈ పైరుకు గుల్లగా ఉండే మన్ను అవసరం. డెల్టా బంకమట్టిలో కాయ ఊరదు, ఊరినా పీకేటప్పుడు నేలలోనే తెగిపోతుంది. కనుక పొన్నూరు ప్రాంతానికి వేరుశనగతో గల సంబంధం రెండు విధాలు. పొరుగు నేలల పంటగా అది ఈ ప్రాంతపు వ్యాపారంలో భాగమైంది. వంటింటి నూనెగా ఇక్కడి నిత్యజీవితంలో భాగమైంది.

ఈ రెండు సంబంధాలనూ శాసించిన ధర మాత్రం ఏనాడూ ఈ ప్రాంతంలో నిర్ణయం కాలేదు. గడచిన నూటయాభై సంవత్సరాలలో ఆ ధర పలికిన చోటు ఫ్రాన్సులోని మార్సెయిల్స్ రేవు నుంచి బొంబాయి బజారుకు, అక్కడి నుంచి మలేషియా, ఇండోనేషియా పామాయిలు తోటలకు మారుతూ వచ్చింది. ఈ మార్పుల క్రమాన్ని, వాటి కారణాలను, వాటిలో రైతు చేతికి మిగిలిన పరిమితమైన అధికారాన్ని పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

మాటలలో నిలిచిన చరిత్ర

తెలుగులో ‘నూనె’ అన్న మాటే ఒక నూనెగింజ చరిత్రను చెబుతుంది. నువ్వు, నెయ్యి అన్న రెండు పదాల కలయికతో ఏర్పడిన ఈ పదానికి మూలార్థం నువ్వుల నుంచి తీసిన నెయ్యి. తమిళంలోని ‘ఎణ్ణెయ్’ నిర్మాణం కూడ ఇదే. సంస్కృతంలో తిలల నుంచి వచ్చినది తైలం. దక్షిణ దేశంలో వంటకూ దీపానికీ అభ్యంగనానికీ మొదట వాడుకలో ఉన్నది నువ్వులనూనే అనడానికి ఈ మూడు మాటలూ సాక్ష్యం. కోస్తా జిల్లాలలో ‘మంచినూనె’, ‘పప్పునూనె’ అన్న వ్యవహారాలు కూడ తొలుత నువ్వులనూనెకు చెందినవే. తెలికలవారి గానుగ నుంచి నూనె పోగా మిగిలిన పిండికి ‘తెలకపిండి’ అన్న పేరు వచ్చింది.

వేరుశనగ ఈ దేశపు పంట కాదు. దాని జన్మస్థానం దక్షిణ అమెరికా. ఐరోపా నావికుల ద్వారా ఆఫ్రికాకు, ఆసియాకు చేరింది. తమిళంలో దీనికి గల ‘మణిలాకొట్టై’ అన్న పేరు, ఫిలిప్పీన్సు దీవుల మీదుగా కూడ ఒక దారి ఉండెననడానికి సూచన. తెలుగువారు దానికి పరాయి పేరు పెట్టలేదు. వేళ్ళ దగ్గర కాచే శనగ కాబట్టి వేరుశనగ అన్నారు. తెలంగాణలో అది పల్లీ అయింది. దాని నుంచి నూనె పోగా మిగిలినదాన్ని తెలకపిండి అనక ‘చెక్క’ అన్నారు. ఈ భేదంలో ఒక సాంకేతిక పరిణామం కూడ దాగి ఉంది. గానుగ రోలులో నుంచి వచ్చేది పిండి. యంత్రపు ఒత్తిడిలో అచ్చుగా గట్టిపడి వచ్చేది చెక్క. వేరుశనగ నూనె ఈ ప్రాంతంలో విస్తరించిన కాలం, యంత్రాల మిల్లులు విస్తరించిన కాలం చాలవరకు ఒకటే.

తరువాతి తరాలలో ‘మంచినూనె’ అన్న మాట వేరుశనగ నూనెకు కూడ చెల్లింది. నువ్వులనూనె ఆవకాయ జాడీకీ, పూజకూ పరిమితమై, నిత్యవంట వేరుశనగ నూనెకు దక్కింది. ఇది రుచిలో వచ్చిన మార్పు మాత్రమే కాదు. ఎగుమతి కోసం పెరిగిన పంట, ఎగుమతి ఆగినప్పుడు ఇంటి వంటలోకి మళ్ళిన క్రమం దీని వెనుక ఉంది.

నీటిదారి, ఇనుపదారి

పంట వ్యాపారవస్తువు కావడానికి దారి అవసరం. 1855లో బెజవాడ వద్ద కృష్ణపై ఆనకట్ట పూర్తయిన తరువాత డెల్టా కాలువలు సేద్యానికే కాక సరకు రవాణాకు కూడ ఉపయోగపడ్డాయి. పొన్నూరుకు పడమటగా సాగే కొమ్మమూరు కాలువ పెదగంజాం వద్ద బకింగ్‌హాం కాలువతో కలుస్తుంది. ఆ నీటిదారిన పడవలు మద్రాసు వరకు నడిచేవి. పంతొమ్మిదో శతాబ్దం ముగిసే నాటికి బెజవాడ–మద్రాసు రైలుమార్గం ఏర్పడింది. పొన్నూరుకు ఆనుకొని ఉన్న నిడుబ్రోలు ఆ మార్గంలో ఒక స్టేషను. రైలు వచ్చిన తరువాత తీరంలోని చిన్న రేవులు క్రమంగా వెనుకబడి, సరకంతా మద్రాసు హార్బరు వైపు మళ్ళింది.

ఈ మార్పు వల్ల రైతుకు దూరపు కొనుగోలుదారు దగ్గరయ్యాడు. కాని ఆ కొనుగోలుదారు రైతుకు కనిపించడు. ఊరిలో అప్పు ఇచ్చి కళ్ళంలోనే కాయ తీసుకొనే వ్యాపారి, పట్టణంలోని కమీషను కొట్టు, మద్రాసులోని ఎగుమతి కంపెనీ ఏజెంటు అనే మూడు మెట్లు మధ్యలో ఉండేవి. ధర పైమెట్టు నుంచి కిందికి దిగేది. ప్రతి మెట్టు దగ్గరా కొంత తరిగేది.

మార్సెయిల్స్ కాలం

పంతొమ్మిదో శతాబ్దం మధ్యకాలంలో ఐరోపాలో సబ్బు పరిశ్రమ వేగంగా పెరిగింది. అప్పటివరకు ఆలివు నూనెతో సబ్బు చేసిన మార్సెయిల్స్ నగరం చౌక నూనెల కోసం వెతికింది. 1840 ప్రాంతం నుంచి సెనెగల్ తదితర పశ్చిమాఫ్రికా తీరాల వేరుశనగ అక్కడికి చేరడం ప్రారంభమైంది. తరువాత దక్షిణ భారతదేశం వంతు వచ్చింది. ఫ్రెంచివారి ఆధీనంలోని పాండిచ్చేరి రేవు నుంచి దక్షిణార్కాటు జిల్లా పంట మార్సెయిల్స్‌కు తరలింది. మద్రాసు రాజధానిలో వేరుశనగ వాణిజ్యపంటగా వేళ్ళూనిన మొదటి చోటు అదే. పంతొమ్మిదో శతాబ్దం చివరి దశకంలో విత్తనం నీరసించి, తెగుళ్ళు సోకి దిగుబడులు పడిపోయాయి. మారిషస్ నుంచి తెచ్చిన కొత్త విత్తనంతో ఇరవయ్యో శతాబ్దం ఆరంభంలో పంట తిరిగి కోలుకొని, రాయలసీమకు, తెలుగు జిల్లాల మెట్ట నేలలకు విస్తరించింది.

ఇక్కడ గమనించవలసిన విషయం ఒకటి ఉంది. ఈ దేశం నుంచి ప్రధానంగా ఎగుమతి అయినది నూనె కాదు, గింజ. దీనికి కారణం సుంకాల నిర్మాణం. ఐరోపా దేశాలు తమ మిల్లులకు ముడిసరకు చౌకగా అందాలని నూనెగింజలను సుంకం లేకుండా, లేదా స్వల్ప సుంకంతో రానిచ్చాయి. తయారైన నూనెపై మాత్రం అధిక సుంకం విధించాయి. అందువల్ల నూనె తీసే పని, దానితో వచ్చే లాభం, చెక్కలోని పశుగ్రాసపు విలువ మూడూ సముద్రం దాటిపోయాయి. గింజతో పాటు నేలసారం కూడ తరలిపోతున్నదన్న వాదం ఆనాటి వ్యవసాయ చర్చలలో తరచుగా వినిపించేది. చెక్క దేశంలోనే ఉంటే ఎరువుగానో పశువుల మేతగానో తిరిగి నేలకు చేరుతుందన్నది ఆ వాదంలోని సారం.

రెండో విషయం తడికి సంబంధించినది. కాయ బరువులో పాతిక నుంచి ముప్పై శాతం పొట్టు. ఓడలో చోటు ఆదా చేయడానికి కాయను వలిచి పప్పుగా పంపేవారు. చేతితో వలవడం తేలిక కావాలని కాయలపై నీళ్ళు చల్లి నానబెట్టేవారు. నీరు చేరితే బరువు కూడ పెరిగేది. ఆ తడిపప్పు ఓడ అడుగున వారాల తరబడి ప్రయాణించి మార్సెయిల్స్ చేరేసరికి బూజుపట్టి, నూనెలో ఆమ్లశాతం పెరిగేది. అటువంటి నూనె తినడానికి పనికిరాక సబ్బుకే పోయేది. అందువల్ల ‘కోరమాండల్ సరకు’కు ఆఫ్రికా సరకుకన్న తక్కువ ధర పలికేది. యంత్రాలతో పొడిగా వలిచే పద్ధతి వ్యాపించిన తరువాతనే ఈ అపకీర్తి తగ్గింది. తడి వల్ల మధ్యవర్తికి కలిగిన చిన్న లాభం, పంట మొత్తానికీ పెద్ద నష్టంగా పరిణమించింది.

1902లో జర్మన్ రసాయన శాస్త్రజ్ఞుడు విల్‌హెల్మ్ నార్మన్ ద్రవనూనెలను ఉదజనితో గట్టిపరిచే పద్ధతికి పేటెంటు పొందాడు. వేరుశనగ చరిత్రలో ఇది అత్యంత ముఖ్యమైన మలుపు. అంతకుముందు ప్రతి నూనెకూ దాని గుణాన్ని బట్టి వేర్వేరు వినియోగం, వేర్వేరు బజారు ఉండేవి. నార్మన్ పద్ధతి తరువాత వేరుశనగ, పత్తిగింజ, సోయా, తిమింగలం నూనెలలో దేనినైనా గట్టిపరిచి, వెన్నకు బదులుగా వాడే మార్గరిన్‌గానో సబ్బుగానో మార్చవచ్చు. నూనెలు ఒకదానికొకటి ప్రత్యామ్నాయాలైనాయి. అంటే ఒక నూనె ధర తగ్గితే మిగతా వాటి ధరలు కూడ తగ్గక తప్పని స్థితి ఏర్పడింది. దక్షిణధ్రువ సముద్రాలలో తిమింగలాల వేట ఎక్కువైనా గుంటూరు జిల్లా రైతుకు దక్కే ధర తగ్గగల కాలం వచ్చింది.

ఆర్థికమాంద్యం, నిడుబ్రోలు

1929 చివర ప్రారంభమైన ప్రపంచ ఆర్థికమాంద్యంలో ఈ స్థితి బట్టబయలైంది. మద్రాసు రాజధానిలో వేరుశనగ ధర నాలుగైదు సంవత్సరాలలో సగానికి పైగా పడిపోయింది. అదే కాలంలో కొనుగోలు దేశాలు తలుపులు మూసుకొన్నాయి. జర్మనీ 1933లో కొవ్వుపదార్థాల దిగుమతులను ప్రభుత్వ నియంత్రణలోకి తెచ్చింది. ఫ్రాన్సు అదే సంవత్సరం తన ఆఫ్రికా వలసల వేరుశనగకు రక్షణ కల్పిస్తూ ఇతర దేశాల నూనెగింజలపై సుంకాలు విధించింది. 1932 ఒట్టావా ఒప్పందం ప్రకారం బ్రిటన్ సామ్రాజ్య దేశాల వేరుశనగకు పది శాతం మినహాయింపు ఇచ్చింది. కాని బ్రిటన్ కొనుగోలు, ఐరోపా ఖండంలో పోయిన బేరాన్ని పూర్తిగా భర్తీ చేయగలిగినంత పెద్దది కాదు.

ధర పడినా శిస్తు పడలేదు, అప్పు తరగలేదు. పైగా రీసెటిల్‌మెంటు పేరుతో డెల్టా జిల్లాల శిస్తును రూపాయికి మూడణాల మేరకు పెంచాలన్న ప్రభుత్వ నిర్ణయం రైతులను ఆందోళనకు పురికొల్పింది. ఈ సందర్భంలోనే నిడుబ్రోలు పేరు ఆంధ్రదేశమంతటా వినిపించింది. 1900లో ఆ గ్రామంలో జన్మించిన గోగినేని రంగనాయకులు ఆక్స్‌ఫర్డులో అర్థశాస్త్రం చదివి వచ్చి, 1926లో డెల్టా గ్రామాల ఆర్థికవ్యవస్థపై ఇంగ్లీషులో ఒక గ్రంథం ప్రచురించారు. గ్రామాన్ని దూరం నుంచి చూసిన ప్రభుత్వ నివేదికలకు భిన్నంగా, ఆ గ్రామాలలో పుట్టి పెరిగిన వ్యక్తి చేసిన పరిశీలన అది. ఎన్.జి.రంగాగా ప్రసిద్ధులైన ఆయన శిస్తు పెంపు వ్యతిరేకోద్యమంలో ముందు నిలిచారు. 1930ల తొలి సంవత్సరాలలో నిడుబ్రోలులో రైతాంగ విద్యాలయాన్ని నెలకొల్పారు. రైతు యువకులకు అర్థశాస్త్రం, రాజకీయాలు, సంఘనిర్మాణం బోధించడం దాని ధ్యేయం. 1936లో లక్నోలో అఖిల భారత కిసాన్ సభ ఏర్పడినప్పుడు దాని స్థాపకులలో రంగా ఒకరు.

శాసనాల రూపంలో కూడ కొంత ఊరట లభించింది. 1933 మద్రాసు వాణిజ్యపంటల మార్కెట్ల చట్టం పత్తి, వేరుశనగ, పొగాకు పంటలకు క్రమబద్ధమైన మార్కెట్లు ఏర్పరచడానికి వీలు కల్పించింది. 1938లో రాజగోపాలాచారి మంత్రివర్గం రైతు రుణవిమోచన చట్టాన్ని తెచ్చింది. మొదటి చట్టం కాటాలోని మోసాన్ని, దళారి తీసే తరుగును అదుపు చేయడానికి ఉద్దేశించినది. రెండోది వడ్డీ భారాన్ని తగ్గించింది. ఇవి రెండూ విలువైనవే. అయితే రెండింటి పరిధీ ఊరికీ జిల్లాకూ లోబడినది. మార్కెట్ యార్డులో కాటా సరిచేయవచ్చు గాని, మార్సెయిల్స్‌లోనో హాంబర్గులోనో పలికిన ధరను సరిచేయడానికి ఏ మార్కెట్ కమిటీకీ అధికారం లేదు. రైతు ఉద్యమం శిస్తుపై, అప్పుపై విజయాలు సాధించి, పంటధర విషయంలో మాత్రం నిస్సహాయంగా నిలవడానికి కారణం ఇదే.

ధర దేశంలోకి మళ్ళిన కాలం

1940 జూన్‌లో ఫ్రాన్సు పతనమైంది. మార్సెయిల్స్ తలుపు మూసుకొంది. అప్పటికే దేశంలో మరో తలుపు తెరుచుకొని ఉంది. 1930ల ఆరంభంలో బొంబాయిలోని సెవ్రీలో వనస్పతి కర్మాగారం ఏర్పడింది. 1937లో డాల్డా బజారులోకి వచ్చింది. దాని ప్రధాన ముడిసరకు వేరుశనగ నూనె. నార్మన్ పద్ధతి ఐరోపా బజారులో వేరుశనగ విశిష్టతను హరించగా, అదే పద్ధతి ఇప్పుడు దేశంలో దానికి కొత్త గిరాకీ కల్పించింది. నెయ్యి కొనలేని మధ్యతరగతి కుటుంబాల పెళ్ళిళ్ళలో, హోటళ్ళలో, మిఠాయి దుకాణాలలో డాల్డా ప్రవేశించింది. ఒక వ్యాపారనామం ఆ పదార్థానికంతటికీ పేరైంది. తెలుగు నిఘంటువులలో లేకపోయినా తెలుగువారి నోళ్ళలో అది నామవాచకంగా స్థిరపడింది.

వనస్పతి నెయ్యిని కల్తీ చేస్తుందని, ఆరోగ్యానికి హానికరమని గాంధీజీ మొదలుకొని పలువురు విమర్శించారు. 1950ల తొలి నాళ్ళలో దాని నిషేధం కోరుతూ పార్లమెంటులో అనధికార బిల్లు కూడ చర్చకు వచ్చింది. నిషేధం రాలేదు. ఈ వాదంలో పశుపోషకుని ప్రయోజనం, నూనెగింజల రైతు ప్రయోజనం పరస్పర విరుద్ధంగా నిలిచాయి. పాడి, మెట్టసేద్యం రెండూ గల గుంటూరు జిల్లా వంటి చోట ఒకే రైతు ఇంటిలో ఈ రెండు ప్రయోజనాలూ ఉండేవి. నెయ్యి ధర తగ్గితే నష్టపోయేది, వేరుశనగ ధర పెరిగితే లాభపడేది ఆ ఇల్లే. పైగా ఆ ఇంటి గేదె తినేది వేరుశనగ చెక్క.

యుద్ధానంతరం ప్రపంచమంతటా నూనెల కొరత ఏర్పడినప్పుడు బ్రిటిష్ ప్రభుత్వం తూర్పు ఆఫ్రికాలోని టాంగన్యికాలో 32 లక్షల ఎకరాలలో యంత్రాలతో వేరుశనగ సాగు చేయ తలపెట్టింది. 1947లో మొదలైన ఆ పథకం అక్కడి గట్టినేలల స్వభావం, వర్షాభావం, యంత్రాల వైఫల్యం కారణంగా 1951లో రద్దయింది. దాని వల్ల జరిగిన నష్టం దాదాపు 3 కోట్ల 60 లక్షల పౌన్లు. తెలుగు జిల్లాల మెట్టరైతు ఒక జత ఎద్దులతో, గొర్రుతో, కూలీల చేతులతో సాధిస్తున్న పనిని ఒక సామ్రాజ్య ప్రభుత్వం ట్రాక్టర్లతో సాధించలేకపోయింది. చిన్నరైతు సేద్యం వెనుకబడినదన్న అభిప్రాయానికి ఈ ఉదంతం గట్టి సమాధానం.

స్వాతంత్ర్యానంతరం ప్రభుత్వ విధానం గింజను దేశంలో నిలిపి నూనె తీయించడం వైపు, ఆపై నూనెను కూడ దేశ ప్రజలకే కేటాయించడం వైపు సాగింది. ఎగుమతులపై ఆంక్షలు, నిత్యావసర సరకుల చట్టం కింద నిల్వలపై పరిమితులు, ముందస్తు బేరాలపై నియంత్రణలు ఒకదాని తరువాత ఒకటి వచ్చాయి. ధర ఇప్పుడు విదేశీ రేవులో కాక బొంబాయి, రాజకోట బజార్లలో పలికింది. సౌరాష్ట్రలో వర్షం పడిందా లేదా అన్నది ఆంధ్ర మిల్లుదారుకు ముఖ్యవార్త అయింది. దూరం తగ్గింది గాని ఆధారపడటం తగ్గలేదు. ధర పెరిగినప్పుడు వినియోగదారుని పక్షాన కదిలిన ప్రభుత్వ యంత్రాంగం, తగ్గినప్పుడు రైతు పక్షాన అంత త్వరగా కదలలేదు.

ఇంగ్లండులో పుట్టిన ఒక హెచ్చరిక

1960లో ఇంగ్లండులో లక్షకు పైగా టర్కీ కోళ్ళు కారణం తెలియకుండా మరణించాయి. పరిశోధనలో అవి తిన్న దాణాలోని బ్రెజిల్ వేరుశనగ చెక్కపై పెరిగిన బూజు ఒక విషపదార్థాన్ని ఉత్పత్తి చేసినట్లు తేలింది. దానికి అఫ్లటాక్సిన్ అని పేరు పెట్టారు. కోడి దాణా, పశువుల మేత కోసం చెక్క కొనే ఐరోపా దేశాలు క్రమంగా కఠినమైన పరిమితులు విధించాయి. నేరుగా తినే వేరుశనగలో మొత్తం అఫ్లటాక్సిన్లు శతకోటి భాగాలలో నాలుగు భాగాలకు మించరాదన్నది ఐరోపా సమాఖ్య నియమం.

ఈ బూజు పంటపై వర్షాభావం ఉన్నప్పుడు నేలలోనే సోకవచ్చు. పీకిన కాయ సరిగా ఎండనప్పుడు, తడిగోదాములో నిల్వ చేసినప్పుడు బాగా పెరుగుతుంది. కాయలో తేమ ఎనిమిది శాతానికి మించకుండా ఎండబెట్టడం దీనికి ప్రధాన నివారణ. శుద్ధిచేసిన నూనెలో ఈ విషం దాదాపు మిగలదు, అది చెక్కలో చేరుతుంది. చెక్క తిన్న పాడిపశువు పాలలోకి దాని రూపాంతరం వస్తుంది. కనుక మార్సెయిల్స్ కాలంలో ధరను దిగజార్చిన తడి, అరవై ఏళ్ళ తరువాత మరింత తీవ్రమైన రూపంలో తిరిగి వచ్చిందని చెప్పవచ్చు. అప్పుడు అది నాణ్యత సమస్య. ఇప్పుడు ఆరోగ్య సమస్య.

పామాయిలు రాక

1970ల చివర నుంచి ప్రభుత్వం కొరత తీర్చడానికి పామాయిలు దిగుమతి చేసి చౌకధరల దుకాణాల ద్వారా పంచింది. ఆంధ్రప్రదేశ్‌లో రేషను కార్డుపై వచ్చే పామాయిలు పేదకుటుంబాల వంటకు ఆధారమైంది. గిన్నెలో గడ్డకట్టే ఆ నూనెను తొలుత చిన్నచూపు చూసినవారు కూడ ధర చూసి అలవాటు పడ్డారు.

1986లో కేంద్రప్రభుత్వం నూనెగింజల సాంకేతిక మిషనును ప్రారంభించింది. మెరుగైన విత్తనాలు, మద్దతు ధర, దిగుమతులపై అదుపు కలిసి పనిచేయడంతో 1990ల మధ్యకు దేశంలో నూనెగింజల ఉత్పత్తి దాదాపు రెట్టింపయింది. రాష్ట్రంలో నూనెగింజల రైతుల సహకార సమాఖ్య అయిన ఆయిల్‌ఫెడ్, ‘విజయ’ పేరుతో నూనెలను విక్రయించింది. గింజ పండించేవారికే నూనెలోని లాభం దక్కాలన్న ఆశయం తొలిసారి సంస్థారూపం దాల్చిన కాలం అది. దేశం స్వయంసమృద్ధికి చేరువైంది.

ఆ స్థితి ఎక్కువ కాలం నిలవలేదు. 1994లో పామోలిన్ దిగుమతిని సులభతరం చేశారు. తొలుత 65 శాతంగా ఉన్న సుంకం 1998 నాటికి సుమారు 15 శాతానికి తగ్గింది. మలేషియా, ఇండోనేషియాల తోటలలో ఎకరానికి లభించే నూనె, వేరుశనగ ఎకరానికి ఇచ్చే నూనెకు అనేక రెట్లు ఎక్కువ. ధరలో దానితో పోటీపడటం మెట్టరైతుకు సాధ్యం కాదు. మిల్లులలో ఎక్స్‌పెల్లర్లు మూతపడగా, కాకినాడ, కృష్ణపట్నం రేవుల వద్ద దిగుమతి నూనెను శుద్ధిచేసే కర్మాగారాలు వెలిశాయి. గింజను వెంట తేకుండా నూనె ఒక్కటే ఓడలో రావడంతో ఇక్కడ పశువులకు చెక్క కూడ మిగలలేదు. వందేళ్ళ క్రితం గింజ బయటికి పోయి చెక్క నష్టమైంది. ఇప్పుడు నూనె లోపలికి వచ్చి చెక్క నష్టమైంది.

ప్రస్తుత స్థితి

నేడు భారతదేశం ఏటా కోటిన్నర టన్నుల మేరకు వంటనూనెలు దిగుమతి చేసుకొంటోంది. అందులో వేరుశనగ నూనె నామమాత్రం. ప్రపంచ నూనెల వ్యాపారంలో కూడ దాని స్థానం చిన్నదే. పామాయిలు ఏటా నాలుగు కోట్ల టన్నులకు పైగా దేశాలు దాటుతుండగా, వేరుశనగ నూనె అయిదు లక్షల టన్నుల లోపే. పండిన వేరుశనగలో అధికభాగం పండిన దేశంలోనే ఖర్చవుతుంది. ఉత్పత్తిలో చైనా ప్రథమ స్థానంలో, భారతదేశం ద్వితీయ స్థానంలో ఉన్నాయి.

2008లో ధరలు పెరిగినప్పుడు నిషేధించిన వంటనూనెల ఎగుమతిని, దశాబ్దం తరువాత ఆవనూనె మినహా మిగిలిన వాటికి పెద్దమొత్తాలలో తిరిగి అనుమతించారు. ఆపై వేరుశనగ నూనెకు చైనా ప్రధాన కొనుగోలుదారుగా ముందుకు వచ్చింది. ఇది కొంతవరకు మార్సెయిల్స్ కాలాన్ని తలపిస్తుంది. భేదం ఏమంటే ఈసారి గింజతో పాటు నూనె కూడ తరలుతున్నది, చెక్క ఇక్కడ మిగులుతున్నది. ఒకే కొనుగోలుదారుపై ఆధారపడితే ఏమవుతుందో 1930లలో ఒకసారి తెలిసివచ్చింది గనుక ఈ బేరాన్ని జాగ్రత్తగా చూడవలసి ఉంది.

2022 సంఘటనలు ఈ అనుసంధానాన్ని సామాన్య గృహిణికి కూడ తెలియజేశాయి. ఫిబ్రవరిలో ఉక్రెయిన్ యుద్ధం మొదలై పొద్దుతిరుగుడు నూనె సరఫరా తగ్గింది. ఏప్రిల్ చివర ఇండోనేషియా పామాయిలు ఎగుమతిని మూడు వారాలకు పైగా నిలిపివేసింది. ఆ ప్రభావం కోస్తా కిరాణా దుకాణాలలో అన్ని నూనెల ధరలపైనా పడింది. 2024 సెప్టెంబరులో కేంద్రం ముడినూనెలపై దిగుమతి సుంకాన్ని సెస్సులతో కలిపి 5.5 నుంచి 27.5 శాతానికి పెంచింది. 2025 మే నెలాఖరున దానిని 16.5 శాతానికి తగ్గించింది. ఎనిమిది నెలల వ్యవధిలో వచ్చిన ఈ రెండు ఉత్తర్వులకు మధ్య ఒక వేరుశనగ పంట విత్తడం, కోయడం, అమ్మడం పూర్తవుతాయి. విత్తేటప్పుడు ఉన్న సుంకం అమ్మేటప్పుడు ఉంటుందన్న నమ్మకం రైతుకు లేదు.

మరోవైపు పట్టణాలలో గానుగ నూనెకు ఆదరణ పెరుగుతున్నది. కొయ్య గానుగలో తీసిన వేరుశనగ నూనెకు, శుద్ధిచేసిన నూనెలకన్న అధికధర చెల్లించే వినియోగదారులు ఏర్పడ్డారు. ఇది పరిమాణంలో చిన్నదే అయినా ఒక విషయంలో ప్రత్యేకమైనది. నూనెలన్నీ ఒకటే అన్న నార్మన్ అనంతర సూత్రాన్ని ఈ కొనుగోలుదారు అంగీకరించడం లేదు. వేరుశనగ నూనెను దాని వాసనకు, రుచికి ఎంచుకొంటున్నాడు. ఆ మేరకు దాని ధర పామాయిలు ధర నుంచి విడివడుతుంది.

ఉపసంహారం

పై పరిశీలన నుంచి మూడు విషయాలు తేటపడుతున్నాయి. మొదటిది, వేరుశనగ నూనె ధరను నిర్ణయించిన చోటు మారిన ప్రతిసారీ ఆ మార్పుకు కారణం పంట దిగుబడి కాక సుంకం, సాంకేతికత, యుద్ధం అనే మూడింటిలో ఒకటి. రెండోది, గింజ నుంచి నూనె తీసే మెట్టు ఎవరి చేతిలో ఉంటే విలువలో అధికభాగం వారికి చేరింది. మార్సెయిల్స్ మిల్లులు, బొంబాయి వనస్పతి కర్మాగారాలు, రేవుపట్టణాల రిఫైనరీలు వరుసగా ఆ స్థానంలో నిలిచాయి. సహకార సమాఖ్య ప్రయత్నం దానిని రైతు చేతికి తేవడానికి పూనుకొని, సుంకాల తగ్గింపుతో వచ్చిన పోటీలో వెనుకబడింది. మూడోది, నిడుబ్రోలు నుంచి సాగిన రైతు ఉద్యమం శిస్తును, అప్పును ప్రశ్నించగలిగింది. సుంకాన్ని ప్రశ్నించే సాధనం మాత్రం నేటికీ రైతు చేతిలో లేదు. శిస్తు నాడు రైతుకు ఎలా కనిపించేదో సుంకం నేడు అలా కనిపించదు. అది ఢిల్లీ ఉత్తర్వుగా వెలువడి, కాటా దగ్గర తగ్గిన ధరగా మాత్రమే అతని అనుభవంలోకి వస్తుంది.

ఇంత దూరపు శక్తుల మధ్య రైతుకు, స్థానిక మిల్లుదారుకు పూర్తిగా స్వాధీనమైన అంశం ఒక్కటే మిగిలింది. అది కాయలోని తడి. నూరేళ్ళ క్రితం కోరమాండల్ సరకు పేరు చెడగొట్టినదీ, నేడు ఐరోపా రేవులలో సరకును తిప్పి పంపించగలిగినదీ అదే. కళ్ళంలో కాయను గలగలలాడేదాకా ఎండబెట్టే రైతు ధరను శాసించలేడు. కాని తన సరకు తక్కువ ధరకు తగినదని ఎవరూ అనలేని స్థితిని మాత్రం కల్పించుకోగలడు. తడిసరకును, పొడిసరకును ఒకే ధరకు తూచే చోట అతడు అదనంగా పడిన శ్రమకు ఫలితం ఉండదు. కనుక మార్కెట్ యార్డులో కాటా పక్కన తేమ కొలిచే సాధనం, దాని ప్రకారం ధరలో తేడా ఉండటం అవసరం. 1933 చట్టం కాటాను సరిచేయడంతో మొదలుపెట్టిన పనిలో మిగిలిపోయిన భాగం ఇదే.